చెన్నై కొళత్తూరులో అద్దెకి సముద్రపు కుందేలు: హెయిర్ ఆల్గే వదిలించే ఈ సర్వీసు ఎంతవరకు పనికొస్తుంది?

రీఫ్ ట్యాంకు, అంటే పగడాలు పెంచే ఉప్పునీటి అక్వేరియం, ఉన్న ఇంట్లో హెయిర్ ఆల్గే అనే నాచు బాధ ఎప్పుడో ఒకప్పుడు తప్పదు. రాళ్ళ మీద పచ్చటి జుట్టులా పడుతుంది. చేత్తో పీకితే సగం వేళ్ళకి చుట్టుకుని వస్తుంది, సగం రాతినే పట్టుకుని ఉండిపోతుంది. పది రోజులు పోయాక చూస్తే మళ్ళీ మొదటికే. దీనికి విరుగుడుగా సీ హేర్‌ని, అంటే సముద్రపు కుందేలు అని పిలిచే నాచు తినే నత్తని, కొని తెచ్చి వదలడం చెన్నై అక్వేరియం వాళ్ళకి కొత్త కాదు. రెట్టేరి వైపున్న ఒక మెరైన్ దుకాణం మాత్రం దీన్ని అమ్మకుండా అద్దెకి ఇస్తోంది. 14 రోజులకి 700 రూపాయలు, డిపాజిట్ 1,500. ప్రాణంతో తిరిగి తెచ్చిస్తే డిపాజిట్ మొత్తం వెనక్కి ఇస్తారు. ఇంకో వారం కావాలంటే మరో 250.

పద్ధతి చాలా మంచిది. ప్యాకింగ్, చెప్పాల్సిన జాగ్రత్తలు చెప్పడం మాత్రం బాగా వెనకబడి ఉన్నాయి. అద్దెకి తెచ్చుకునేవాళ్ళు దుకాణంలో ఎవరూ చెప్పని నాలుగు విషయాలు తెలుసుకుని వెళ్ళాలి. లేకపోతే డిపాజిట్టుతో పాటు ట్యాంకులో చేపలు కూడా పోయే ప్రమాదం ఉంది.

ముందు జీవి సంగతి. ఇక్కడ ఇచ్చేది ఎక్కువగా డోలబెల్లా ఆరిక్యులేరియా. పైకి గుల్ల కనపడని నత్త. గుల్ల లేకపోలేదు, ఒంటి లోపల దాక్కుని ఉంటుంది, చిన్న గొడ్డలి రేకులాంటి ఆకారంలో. డోలబెల్లా అన్న లాటిన్ మాటకి అర్థం కూడా చిన్న గొడ్డలే. 1786లో జాన్ లైట్‌ఫుట్ అనే ప్రకృతి శాస్త్రవేత్త పేరు పెట్టిన జాతి ఇది. తల మీద రెండు కొమ్ములు కుందేలు చెవుల్లా చుట్టుకుని నిలబడి ఉంటాయి. ఒళ్ళంతా బుడిపెలు, గోధుమా ఆకుపచ్చా కలిసిన మచ్చలు. వెనక భాగం ఏటవాలుగా కత్తిపీట మీద కోసినట్టు పళ్ళెంలా ఉంటుంది. కదలకుండా ఉంటే నాచు పట్టిన రాయే అనుకుంటాం.

తూర్పు ఆఫ్రికా తీరం నుంచి పసిఫిక్ దీవుల దాకా లోతు లేని నీళ్ళలో బతుకుతుంది. మన వైపు పాక్ జలసంధి, మన్నార్ సింధుశాఖ దీనికి సరిపోయే చోట్లు: అలల తాకిడి తక్కువ, అడుగున ఇసుకా బురదా, పైన సముద్రపు గడ్డి. పగలు ఆ ఇసుకలో సగం కూరుకుని పడుకుంటుంది, చీకటి పడ్డాక లేచి మేతకి బయల్దేరుతుంది. పచ్చ నాచు, గోధుమ నాచు, ఎర్ర నాచు, సముద్రపు గడ్డి, ఏది దొరికితే అది. పెరిగితే 40 సెంటీమీటర్ల దాకా అవుతుంది. దుకాణంలో ఇచ్చేవి 8 నుంచి 12 సెంటీమీటర్ల పిల్లలు.

అద్దె పద్ధతిని మెచ్చుకోవడానికి అసలు కారణం ఇక్కడే ఉంది. ఎకరాల కొద్దీ గడ్డి మేసే జీవిని 200 లీటర్ల గాజు పెట్టెలో వదిలితే, దానికి అక్కడున్న నాచు వారం పది రోజుల తిండి. ఆ తర్వాత రాళ్ళు శుభ్రంగా ఉంటాయి, అది ఆకలితో మాడుతుంది. కొన్నవాళ్ళ ఇళ్ళలో సీ హేర్లు రెండు నెలలు దాటకపోవడానికి జబ్బు కారణం కాదు, పస్తే. అసలే దాని ఆయుష్షు ఇంచుమించు ఏడాది. అందులో సగం ఆకలితో గడపడం న్యాయం కాదు. పని అయ్యాక ఇంకో నాచు పట్టిన ట్యాంకుకి వెళ్ళిపోతే దానికీ తిండి, మనకీ తృప్తి.

దుకాణంలో నచ్చినవి మొదట చెప్తాం. వెన్నెముక లేని జీవులకి వేరే ర్యాక్ ఉంది, దాని ఫిల్టర్ కూడా వేరు. ఇది చిన్న విషయం కాదు. చేపల ట్యాంకుల్లో తెల్లచుక్కల జబ్బుకి రాగి మందు వేస్తారు, ఆ నీటి చుక్క కూడా ఈ నత్తకి విషమే. అడిగితే కాదనకుండా ర్యాక్ వెనక పైపులు కూడా చూపిస్తారు. ఒక ఇంటి నుంచి తిరిగొచ్చిన కుందేలుని ఏడు రోజులు విడిగా ఉంచి, మేపి, తర్వాతే ఇంకొకరికి ఇస్తామంటున్నారు. ర్యాక్‌లో గాజుకి క్లిప్ చేసిన నోరి ఆకులు (ఎండబెట్టిన సముద్రపు నాచు రేకులు) కనిపించాయి కాబట్టి మేపడం నిజమే. కౌంటర్‌లో తెలుగులో అడిగితే తెలుగులోనే జవాబు. ట్యాంకు ఫొటో చూపించనిదే ఇవ్వరు, 200 లీటర్లకి తక్కువైతే అసలు ఇవ్వరు. ఈ రెండు నిబంధనలూ కచ్చితంగా పాటిస్తున్నందుకు మెచ్చుకోవాలి.

ఇక నచ్చనివి.

మొదటిది, అన్నిటికీ ఒకే చీటీ: 'సీ హేర్'. ఆ ర్యాక్‌లో మూడు రకాలు కలిసి ఉంటాయి. వెనక భాగం పళ్ళెంలా కోసినట్టుంటే డోలబెల్లా. రెండు పక్కలా పెద్ద రెక్కల్లాంటి మడతలు ఉండి, వీపు మధ్యలో అవి విప్పుకుంటూ ముడుచుకుంటూ ఉంటే అది అప్లీసియా. ఒళ్ళంతా చింపిరి పోగులు వేలాడుతూ, మధ్యమధ్య నీలం చుక్కలు మెరుస్తూ ఉంటే బర్సటెల్లా. మూడూ నాచు తినేవే, కానీ పని ఒకటి కాదు. బర్సటెల్లా ఇసుక మీద పట్టే గోధుమ పొరని, ఎర్రటి జిగురు పొరని నాకుతుంది. రాళ్ళ మీది పొడుగాటి హెయిర్ ఆల్గేని పెద్దగా పట్టించుకోదు. అది తెచ్చుకుని 'పని చెయ్యట్లేదు' అనుకుంటే తప్పు నత్తది కాదు, చీటీది. కాబట్టి వేలు పెట్టి చూపించి, వెనక పళ్ళెం ఉన్నదే కావాలని అడగండి. బుడగల్లా పెరిగే నాచుకీ, రాతికి తివాచీలా అతుక్కున్న గట్టి ఎర్ర నాచుకీ డోలబెల్లా మీద ఆశ పెట్టుకోవద్దు.

రెండోది, అన్నిటికంటే పెద్దది, ఉప్పు తేడా. దుకాణం నీళ్ళు రిఫ్రాక్టోమీటర్‌లో, అంటే నీటిలో ఉప్పు ఎంతుందో చూసే పరికరంలో, 1.021 చూపించాయి (అంకె పెరిగితే ఉప్పు ఎక్కువ). ఇళ్ళలో రీఫ్ ట్యాంకులు 1.025, 1.026 దగ్గర ఉంటాయి. ఉప్పు ఖర్చు తగ్గుతుందనీ, చేపలకి పురుగులు తగ్గుతాయనీ దుకాణాలు నీళ్ళు పల్చగా ఉంచడం మామూలే. చేపలు ఆ తేడాని కొంత సర్దుకుంటాయి. నత్త సర్దుకోలేదు. దాని ఒంట్లో నీరు బయటి నీటి ఉప్పునే అనుసరిస్తుంది. పల్చటి నీటిలోంచి చిక్కటి నీటిలోకి ఒక్కసారిగా వదిలితే ఒంట్లో నీరు బయటికి లాగేసుకుని ముడుచుకుపోతుంది. 'ఇరవై నిమిషాలు సంచీ తేలేసి వదిలెయ్యండి' అని కౌంటర్‌లో చెప్పే సలహా చేపకి చెల్లుతుందేమో కానీ దీనికి చెల్లదు. ఈ ఒక్క సలహా మార్చుకుంటే ఆ దుకాణానికి తిరిగొచ్చే కుందేళ్ళ సంఖ్య పెరుగుతుందని మా గట్టి నమ్మకం.

సరైన పద్ధతి ఇది. ట్యాంకు లైట్లు ఆపేయండి. వేడి సమానం కావడానికి సంచీ 20 నిమిషాలు తేలనివ్వండి. తర్వాత సంచీ నీళ్ళతో సహా నత్తని నాలుగైదు లీటర్ల ప్లాస్టిక్ డబ్బాలోకి దించండి. ట్యాంకు నుంచి సన్నటి ఎయిర్ ట్యూబుతో నీళ్ళు లాగి, ట్యూబుకి ముడి వేసో, చిన్న వాల్వు పెట్టో సెకనుకి రెండు చుక్కలు పడేలా సర్దండి. డబ్బాలో నీళ్ళు రెట్టింపయ్యాక సగం తోడేసి మళ్ళీ మొదలుపెట్టండి. డబ్బాలోనూ ట్యాంకులోనూ రిఫ్రాక్టోమీటర్ ఒకే అంకె చూపించేదాకా ఇదే. 1.021 నుంచి 1.025కి రావడానికి కొన్ని గంటలు పడుతుంది. తొందరపడొద్దు. డబ్బా నీళ్ళు ఈలోగా వేడెక్కకుండా ట్యాంకు పక్కనే, ఫ్యాన్ కింద పెట్టండి. చివర్లో నత్తని వలతో పట్టకూడదు, గాలిలోకి ఎత్తకూడదు. చిన్న గిన్నెని నీళ్ళలోనే దాని కిందకి పోనిచ్చి, అలాగే ట్యాంకు అడుగున ఇసుక మీద దింపాలి. సంచీ నీళ్ళు ట్యాంకులో పోయకూడదు. దారిలో ఊదా రంగు వదిలి ఉంటే మరీనూ.

ఆ ఊదా రంగే మూడో సంగతి. ఏదైనా ముట్టుకుంటే, నొక్కుకుపోతే సీ హేర్ చిక్కటి వంగపండు రంగు ద్రవం వదుల్తుంది. సముద్రంలో అది అలలకి కొట్టుకుపోతుంది. గాజు పెట్టెలో అలా పోదు. తిన్న నాచులోని రసాయనాలని ఒంట్లో దాచుకునే జీవి ఇది. ఆ రసాయనాలు ఎంత బలమైనవంటే, హిందూ మహాసముద్రపు డోలబెల్లా నుంచి అమెరికా రసాయన శాస్త్రవేత్త జార్జ్ పెటిట్ బృందం వేరుచేసి 1987లో ప్రకటించిన డోలాస్టాటిన్ 10 అనే పదార్థం ఆధారంగా తయారైన మందు 2011లో అమెరికాలో క్యాన్సర్ చికిత్సకి అనుమతి పొందింది. ఆ పదార్థాన్ని నిజానికి తయారుచేసేది నత్త తినే సూక్ష్మ నాచేనని తర్వాత తేలింది. అలాంటి ఒళ్ళు ట్యాంకులో నలిగితే ఏమవుతుందో ఊహించుకోవచ్చు.

నలిగే చోటు ఎప్పుడూ ఒక్కటే: పంపు నోరు. రాత్రిపూట గాజు మీద పాకుతూ వేవ్‌మేకర్ (ట్యాంకులో అలలు పుట్టించే పంపు) జాలీ మీదకి ఎక్కుతుంది. మెత్తటి ఒళ్ళు జాలీ సందుల్లోకి లాగబడుతుంది. తెల్లారేసరికి నీళ్ళు ఊదాగా, చేపలు ఉపరితలం దగ్గర నోరు తెరుచుకుని ఉంటాయి. తెచ్చే ముందు రోజే ప్రతి పంపు నోటికీ ముతక స్పాంజి తొడిగి, జిప్ టై బిగించండి. సంప్‌కి, అంటే ట్యాంకు కింద ఫిల్టర్ ఉండే తొట్టికి, నీళ్ళు దిగే ఓవర్‌ఫ్లో పళ్ళకి ప్లాస్టిక్ జాలీ కట్టండి. స్పాంజికి చెత్త పట్టి నీటి ఒరవడి తగ్గుతుంది కాబట్టి మూడు రోజులకోసారి పిండి కడగాలి. జాలీ పెట్టడం కుదరని వేవ్‌మేకర్ అయితే ఆ రెండు వారాలు రాత్రిళ్ళు ఆపేసి, బదులుగా గాలి బుడగలు వదిలే ఎయిర్ స్టోన్ నడపండి. ఈ మాట దుకాణంలో చీటీ మీద రాసి సంచీకి అంటించాలి. ఇప్పుడైతే అడిగినా 'ఏం కాదు సార్' అంటున్నారు. చాలా నష్టం జరుగుతుంది.

ఒకవేళ ఊదా రంగు కనిపిస్తే: పంపులు ఆపి నత్తని వేరే డబ్బాలోకి తీసేయండి. రంగుని గొట్టంతో అక్కడికక్కడే పీల్చేయండి. రసాయనాలని పీల్చుకునే కొత్త యాక్టివేటెడ్ కార్బన్ (బొగ్గు) కడిగి, సన్నటి సంచీలో వేసి, 100 లీటర్లకి 100 గ్రాముల లెక్కన నీళ్ళు గట్టిగా పారే చోట పెట్టండి. నురుగుతో మురికి తీసే స్కిమ్మర్‌ని నురుగు పల్చగా, ఎక్కువగా వచ్చేలా తిప్పండి. మూడో వంతు నీళ్ళు మార్చండి. కలిపి ఉంచిన ఉప్పునీళ్ళు ఆ క్షణంలో ఇంట్లో ఉండాలి, అప్పుడు కలపడం మొదలుపెడితే ఆలస్యమైపోతుంది. ఆ మూడో వంతుకి సరిపడా నీళ్ళు డ్రమ్ములో సిద్ధంగా లేనివాళ్ళు ఈ సర్వీసు జోలికి పోవద్దు.

ప్యాకింగ్ నాలుగోది. 10 సెంటీమీటర్ల జీవికి అరలీటరు నీళ్ళు, ఒకటే పల్చటి సంచీ. కొళత్తూరు నుంచి ఓఎంఆర్ (పాత మహాబలిపురం రోడ్డు) చివరికి ట్రాఫిక్‌లో రెండు గంటలు పట్టొచ్చు, అదీ మే నెల ఎండలో. సంచీ నీళ్ళు 32 డిగ్రీలు దాటితే నత్త ఒళ్ళు వదులైపోయి పట్టు కోల్పోతుంది. మీరే ఒక థర్మాకోల్ పెట్టె తీసుకెళ్ళండి. రెండు లీటర్ల నీళ్ళు, రెండు సంచీలు, ఆక్సిజన్ అడిగి పెట్టించుకోండి. అడిగితే చేస్తారు, అదనంగా డబ్బులు తీసుకోరు. తెల్లారి దుకాణం తెరిచే వేళకి వెళ్తే ఎండ పోరు ఉండదు.

ఇంట్లో ట్యాంకు 24 నుంచి 27 డిగ్రీల మధ్య ఉండాలి. నీళ్ళు చల్లబరిచే చిల్లర్ యంత్రం లేకుండా ఏప్రిల్ నుంచి జూన్ దాకా చెన్నైలో అది కుదిరే పని కాదు. ఆ నెలల్లో చిల్లర్ లేనివాళ్ళు తెచ్చుకోకపోవడమే మంచిది. ఇంతకు ముందెప్పుడైనా రాగి మందు వాడిన ట్యాంకైతే ఏ నెలలోనూ వద్దు. రాళ్ళూ ఇసుకా ఆ రాగిని పట్టుకుని ఉండి మెల్లగా వదుల్తుంటాయి. ట్రిగ్గర్ చేప, పఫర్ చేప, పెద్ద సన్యాసి పీత ఉన్న చోటా వద్దు. సముద్రపు పువ్వులు, అంటే అనిమోన్లు, ఉంటే ఆలోచించుకోవాలి, పాకుతూ వెళ్ళి వాటి మీద పడితే రెండూ దెబ్బతింటాయి. అతికించని కోరల్ ముక్కలని ముందే జిగురుతో అతికించండి. బుల్డోజర్‌లా దొర్లించుకుంటూ పోతుంది.

పని తీరు విషయానికొస్తే వంక పెట్టడానికి లేదు. మొదటి రెండు రాత్రులు కొత్త చోటని మెల్లగా తిరుగుతుంది. మూడో రాత్రి నుంచి చూడాలి. ఎర్ర లైటు వేసి దగ్గరగా చూస్తే, పెదవులు రెండు వైపులకీ విప్పి ఒక నాచు కుచ్చు లోపలికి లాక్కుంటుంది, లోపలి ఆకురాయి లాంటి నాలుక గీసుకుపోతుంటే మెడ అలల్లా కదులుతుంది. తల తిప్పిన చోట రాయి తెల్లగా తేలుతుంది. 200 లీటర్ల ట్యాంకులో మూడు సెంటీమీటర్ల పొడుగు నాచు ఎనిమిది నుంచి పది రోజుల్లో పోతుంది. మరీ పొడుగుంటే ముందు చేత్తో పీకి సగానికి తగ్గించి ఇవ్వండి, తేలిగ్గా తింటుంది.

కానీ తిన్నదంతా ఎక్కడికి పోతుంది? పేడ రూపంలో ఇసుక మీదే పడుతుంది, ముదురు గోధుమ రంగు గింజల్లా, గుప్పెళ్ళ కొద్దీ. నాచు పట్టి ఉంచిన ఫాస్ఫేట్ అందులో ఉంది. రోజు విడిచి రోజు సన్నటి గొట్టంతో దాన్ని పీల్చేస్తేనే అది ట్యాంకు దాటి బయటికి పోయినట్టు. వదిలేస్తే కరిగి మళ్ళీ నాచుకే ఎరువవుతుంది. 'కుందేలు వెళ్ళిన నెలకే నాచు తిరిగొచ్చింది' అనే ఫిర్యాదుల్లో ఎక్కువ భాగం ఇదే.

మిగతా భాగం నీళ్ళది. ఇంట్లో తాగే ఆర్‌ఓ నీళ్ళతో ఉప్పు కలిపేవాళ్ళు నీటిలో కరిగిన లవణాలు కొలిచే టీడీఎస్ మీటర్ పెట్టి చూసుకోండి. తాగే ఆర్‌ఓ మిషన్లలో రుచి కోసం కొంత మామూలు నీటిని కలిపే టీడీఎస్ కంట్రోలర్ ఉంటుంది, అందుకే 50, 80, కొన్ని చోట్ల 100 కూడా వస్తుంది. ట్యాంకుకి కావాల్సింది సున్నా. ఆ కంట్రోలర్‌ని మూసేసి, చివర మిగిలిన లవణాలని కూడా పట్టేసే డీఐ రెసిన్ గొట్టం తగిలిస్తే సున్నాకి దిగుతుంది. ఇది చేయకుండా సీ హేర్‌ని ఎన్నిసార్లు తెచ్చినా ఖర్చే.

నాచు అయిపోయిందని ఎలా తెలుస్తుంది? పగలు కూడా గాజు మీద తిరగడం మొదలుపెడుతుంది. రెండు మూడు రోజుల్లో ఒళ్ళు సన్నబడుతుంది. అప్పుడు గడువు మిగిలి ఉన్నా తిరిగిచ్చేయండి. ఆదివారం దాకా ఆగాల్సి వస్తే ఉప్పూ నూనే లేని నోరి ఆకుని రబ్బరు బ్యాండుతో రాయికి చుట్టి రాత్రికొకటి పెట్టండి. సూపర్ మార్కెట్లలో చిరుతిండిగా అమ్మే మసాలా నోరి కాదు.

రాళ్ళ సందులో పసుపు పచ్చగా సేమ్యా ముద్దలాంటిది కనిపిస్తే అది గుడ్ల తాడు. భయపడక్కర్లేదు. ప్రతి కుందేలులోనూ ఆడ మగ రెండూ ఉంటాయి, దుకాణంలో పక్కదానితో జతకట్టి ఇక్కడికొచ్చి పెట్టి ఉంటుంది. ఫిలిప్పీన్స్‌లో ఈ తాళ్ళని లుకోట్ అని తింటారు. ట్యాంకులో పిల్లలు బతకవు, ఫిల్టర్లోకి పోతాయి. చేపలు ముట్టకపోతే రెండు రోజుల తర్వాత తీసేయడం మంచిది, కుళ్ళితే అమ్మోనియా వస్తుంది.

ఒక ప్రశ్న కౌంటర్‌లో ప్రతి ఒక్కరూ అడగాలి: ఎక్కడ పట్టారు? మన్నార్ సింధుశాఖలో 21 దీవుల చుట్టూ ఉన్న ప్రాంతం 1986 నుంచి జాతీయ పార్కు. అక్కడ నుంచి దేన్నీ తీయడానికి లేదు. పాక్ జలసంధిలో తంజావూరు, పుదుక్కోట్టై తీరాల దగ్గర 448 చదరపు కిలోమీటర్లని 2022లో సముద్రపు ఆవుల (డ్యూగాంగ్‌ల) కోసం రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. ఆ గడ్డి నేలే డోలబెల్లాకీ ఇల్లు. దుకాణం వాళ్ళు 'మండపం (రామేశ్వరం దగ్గరి ఊరు) వైపు జాలరి వలల్లో పడ్డవి' అన్నారు. బిల్లు మీద రాసివ్వమంటే ఇవ్వలేదు. ఒకే నత్తని పది ఇళ్ళకి తిప్పడం వల్ల సముద్రం నుంచి తీసేవి తగ్గుతాయి, అది అద్దె పద్ధతిలో మాకు బాగా నచ్చిన విషయం. తెచ్చిన చోటు కాగితం మీద చూపించగలిగితే ఇంకా ధైర్యంగా పదిమందికి చెప్తాం.

మార్కులు: అద్దె ఆలోచనకి 5కి 5. జీవుల ఆరోగ్యానికి 4. ప్యాకింగ్‌కి 2. సలహాలకి 1.

తిరిగిచ్చే రోజు రాత్రే గాజు మీద ఉన్నప్పుడు పట్టుకోండి. మూత ఉన్న రెండు లీటర్ల ప్లాస్టిక్ డబ్బాని నీళ్ళలో ముంచి, తల వైపు నుంచి వేలితో మెల్లగా తోస్తే తనే పట్టు వదిలి డబ్బాలోకి జారుతుంది. వెనక నుంచి లాగితే ఇంకా గట్టిగా కరుచుకుని రంగు వదుల్తుంది. మూతకి నాలుగు చిల్లులు పెట్టి, రాత్రంతా ఆ డబ్బాని సంప్‌లో తేలనిచ్చి, పొద్దున్నే ట్యాంకు నీళ్ళతోనే సంచీలో కట్టండి. మీ ట్యాంకు ఉప్పు ఎంతో ఒక కాగితం మీద రాసి సంచీకి అంటించండి, అటువైపు కూడా దాన్ని మెల్లగానే దించాలి కదా. దుకాణం మంగళవారం సెలవు.